రెండో జమ్ములమ్మ

ఎస్తేరుకు మొండిఘటమన్న పేరు ఊరికే రాలేదు. అమ్మానాన్నలు పుణెలో కాంక్రీటు మోస్తుంటే వడ్డేపల్లిలో అమ్మమ్మ దగ్గర ఉండి చదివింది. గద్వాలలో డిగ్రీ చదివేటప్పుడు, ఆడపిల్లలను కంప్యూటరు ముట్టుకోనివ్వని ల్యాబు అసిస్టెంటుతో వారం రోజులు పోట్లాడి తాళంచెవి తన దగ్గరే పెట్టుకుంది. ఇప్పుడు అదే ఊళ్లో ఒక వలసకూలీల సంఘం ఆఫీసులో పేర్ల జాబితా చూసుకుంటుంది.

ఆ మొండితనం తల్లిది. ఆమె పేరు జమ్ములమ్మ, ఆ అమ్మవారి జాతరలో మొక్కుకుని పెట్టిన పేరు. బాప్తిస్మం తీసుకున్నప్పుడు పాస్టరుగారు మార్చుకోమంటే, ఈ పేరుతో పిలిస్తే యేసయ్యకు వినబడదా అని అడిగిందట. చివరికి ఆ పేరుతోనే బాప్తిస్మం ఇచ్చారట.

అలాంటి మనిషి అసలు లేనేలేదంది కంప్యూటరు.

సంఘం వాళ్లు సోమవారం కంటి ఆపరేషన్లకు బస్సు పెట్టారు. జాబితాలో పేరుంటేనే ఎక్కించుకుంటారు. పుణె నుంచి తిరిగొచ్చేసిన జమ్ములమ్మకు రెండు కళ్లలోనూ శుక్లాలే. ఉప్పేదో చక్కెరేదో నాలుకకు అద్దుకుంటే గాని తెలియడం లేదు. బుధవారం ఎస్తేరు జాబితా తీస్తే 'జమ్ములమ్మ, వడ్డేపల్లి, భర్త ఎల్లన్న' ఉంది. 'జమ్ములమ్మ, వడ్డేపల్లి, భర్త దేవదాసు' మాత్రం ఒకే మనిషి రెండుసార్లు అన్న లెక్కలో ఎగిరిపోయింది. ఆ దేవదాసే ఎస్తేరు తండ్రి.

పేర్లు రెండుసార్లు పడకుండా కంప్యూటరులోని ప్రోగ్రాం జాబితాలో ప్రతి వరుసకూ ఒక ముద్ర తీస్తుంది. హ్యాష్ అంటారు దాన్ని. ఒక్క అక్షరం మారినా ముద్ర మొత్తం మారిపోవాలి. రెండు వరుసలకు ఒకే ముద్ర పడితే ఒకదాన్ని కొట్టేస్తుంది. ఆ పనిని సంఘం సొంతంగా రాయించుకోలేదు. ఎవరో రాసి ఉచితంగా పెట్టిన 'లైబ్రరీ' అనే ప్రోగ్రాం ముక్కను, దేశదేశాల్లో వేలమంది వాడుతున్నదాన్ని, తెచ్చి వాడుకుంటోంది.

ఆఫీసు పెద్ద దశరథం సులువు ఉపాయం చెప్పాడు. పేరు చివర రెండు అంకె వేస్తే ముద్ర మారుతుందని. వేస్తే నిజంగానే మారింది. ఇంటికెళ్లి ఆ మాట చెబితే జమ్ములమ్మ మండిపడింది.

"పెబ్బేరు సంతల బర్రెకేస్తరు నంబరు. నేను ఎవ్వరికీ రెండోదాన్ని గాను. కండ్లు లేకున్నా బతుకుత గానీ గట్ల మాత్రం రాయకు."

ఎస్తేరుకు ముందు ఒళ్లు మండింది, తర్వాత సిగ్గేసింది. మర్నాడు ఆ వరుసలో భర్త పేరును ఒక్కో అక్షరం మార్చి చూసింది. ముద్ర చెక్కుచెదరలేదు. అంటే లైబ్రరీ అక్కడిదాకా చదవడమే లేదు! తవ్వితే గుట్టు దొరికింది. ఇంగ్లీషు అక్షరానికి కంప్యూటరులో ఒక గడి చాలు. తెలుగులో అక్షరానికీ ఒత్తుకూ గుణింతానికీ తలా మూడు గడులు కావాలి. లైబ్రరీ అక్షరాలు లెక్కపెట్టి అన్ని గడులే చదువుతోంది. తెలుగు వరుసలో మూడో వంతు చూసి మిగతాది వదిలేస్తోంది. అమ్మవారి పేరు ఇంటికొకరికి పెట్టుకునే మన దిక్కు, పేరూ ఊరూ కలిస్తే చాలు, ఇద్దరూ ఒకరే అయిపోతున్నారు. ఆ జాబితా నుంచి పంతొమ్మిది మంది గుట్టుచప్పుడు కాకుండా మాయమయ్యారు. వాళ్లలో మిగతా పద్దెనిమిది మందికీ ఆఫీసులో కూతుళ్లు లేరు.

ఎస్తేరు తన కంప్యూటరులో తప్పు దిద్దింది. దశరథం దాన్ని ఒప్పుకోలేదు.

"లోకమంత వాడేది తప్పు, నువ్వొక్కదానివి ఒప్పా? లైబ్రరీ వాళ్లు ఒప్పుకుంటెనే పెడత."

లైబ్రరీ చూసేవాళ్లకు ఆ రాత్రే రాసింది. తన దిద్దుబాటుతో పాటు రుజువుగా ఇద్దరు జమ్ములమ్మల వరుసలు పంపింది. ఇంతవరకూ ఇలాంటి ఫిర్యాదు రాలేదనీ, పేర్లు ఇంగ్లీషు అక్షరాల్లో రాసుకుంటే సరిపోతుందనీ తెల్లవారేలోపే జవాబొచ్చింది. ఎస్తేరు పళ్లు పటపట కొరికింది. 'ఫిర్యాదు చేయాల్సినవాళ్లను మీ లెక్క ముందే కొట్టేసింది. మా పేర్లు మా అక్షరాల్లోనే ఉంటాయి, మీరే చివరిదాకా చదవండి' అని రాసింది. వచ్చీరాని ఇంగ్లీషే, కానీ ఎక్కడా దయచేసి అన్న మాట లేదు.

శుక్రవారమంతా జవాబు కోసం చూస్తూ కూర్చుంది. శనివారం మధ్యాహ్నం దిద్దుబాటు ఒప్పుకున్నారు. లైబ్రరీలో ఇకపై ఎవరు ఏ మార్పు చేసినా ముందు ఆ ఇద్దరు జమ్ములమ్మలకూ వేర్వేరు ముద్రలు పడాలి, పడితేనే మార్పు చెల్లుతుంది. దశరథం కొత్త లైబ్రరీ పెట్టి, పంతొమ్మిది పేర్లూ తిరిగొచ్చాక ఒక్కొక్కటీ తనే పైకి చదివాడు.

సోమవారం పొద్దున బస్సు దగ్గర ఒకతను జాబితా చదువుతూ జమ్ములమ్మ, వడ్డేపల్లి అన్నాడు. ఇద్దరు ఆడవాళ్లు లేచారు. ఇద్దరికీ చూపు ఆనదు.

"మీలో జమ్ములమ్మ ఎవరమ్మా?"

"ఇద్దరం" అంది ఎస్తేరు తల్లి. ఎల్లన్న భార్య చెయ్యి తడిమి పట్టుకుని మెట్టెక్కింది.