ఆఖరి ఓవర్ వేసే చెయ్యి

ఇలా వచ్చి కుదురుగా కూర్చో బుజ్జీ, నే చెప్పింది చెప్పినట్టు రాసుకో. ఒమన్‌లో మీ అత్త దగ్గర ఉన్నప్పటి మాట. సహం నుంచి మస్కట్ వచ్చే బస్సులో నా పక్కన మన తెలంగాణ అతనొకడు కూర్చున్నాడు. వెనక సీట్ల నిండా అతని కంపెనీ క్రికెట్ టీమే. ఆ సాయంత్రం మస్కట్ ఊళ్లోనే ఘాలా అనేచోట ఫైనలట.

"మ్యాచ్ చిక్కుల పడ్డప్పుడే నన్ను పిలుస్తరమ్మా. ఏండ్ల సంది ఆఖరి ఓవర్ నాదే," అన్నాడు. తర్వాత గొంతు తగ్గించాడు. "భుజం పోయింది. చెయ్యి లేస్తలేదు. నా బౌలింగ్ చూసే కంపెనోళ్లు స్టోర్ల డ్యూటీ ఇచ్చిన్రు. తెలిస్తే మళ్ల ఎండల సైట్‌కే. ఎవ్వరికీ చెప్పకమ్మా."

అంతలో వెనక నుంచి కెప్టెన్ "అన్నా, క్యాచ్!" అంటూ బంతి విసిరాడు. ఇద్దరం వెనక్కి తిరిగాం. ఇతని చెయ్యి ఒళ్లోంచి కదల్లేదు. చటుక్కున కొంగు పట్టా, బంతి వచ్చి అందులో పడింది.

"ముసలిదాని మొహం పగలగొడతావా ఏంటయ్యా? దిగేదాకా ఇది నా దగ్గరే!" అని కేకలేశా. బస్సంతా నవ్వింది. ఇతనికి మాత్రం చెమటలు కారుతున్నాయి.

ఘాలాలో దిగి బంతి కోసం నా కిటికీ దగ్గరికొచ్చాడు. టీమంతా చూస్తోంది. నేను వద్దు వద్దని తలూపుతూనే ఉన్నా, కుడిచెయ్యి చెవిదాకా ఎత్తి నాకు సలాం పెట్టాడు. నోరు నవ్వుతోంది గానీ కళ్లు గట్టిగా మూసుకున్నాడు.

ఫైనల్ ఏమైందో నాకు తెలీదు. ఇప్పటికీ టీవీలో ఆఖరి ఓవర్ వచ్చిందంటే నేను లేచి వంటింట్లోకి... ఆఁ, వస్తున్నానే, వడ్డించు!