సింకు వెనక గోడ

దెయ్యాల కథ చెబుతున్నానని ఎవరూ అనుకోవద్దు. మెకానికల్ ఇంజినీరింగ్ చదివినదాన్ని. దెయ్యం పేరెత్తితే మా హాస్టల్లో అందరికంటే ముందు నవ్వింది నేనే. జరిగింది జరిగినట్టు రాస్తున్నాను, అంతే.

కెనడాకి స్టూడెంట్లు తండోపతండాలుగా వచ్చిన రోజులవి. బ్రాంప్టన్‌లో ఒక బేస్‌మెంట్‌లో ఐదుగురు అమ్మాయిలం ఉండేవాళ్లం. అందరిలో చిన్నది కరీంనగర్ లావణ్య. రాత్రంతా వేర్‌హౌస్‌లో పనిచేసి, పగలు కిచెన్ పక్క గదిలో పడుకునేది. మేం నలుగురం పొద్దున్నే వండుకుని, పదింటికల్లా కాలేజీకి వెళ్లిపోయేవాళ్లం.

ఆ కిచెన్‌లో కుళ్లిన కోడిగుడ్డు వాసన మొదలైంది. ఎలుక చచ్చిందేమోనని వెతికాం. అగరుబత్తులు వెలిగించాం. వాసన పోలేదు సరికదా, మల్లెపూల అగరుబత్తితో కలిసి ఇంకా రోత పుట్టించింది. లావణ్యకి తలనొప్పులు మొదలయ్యాయి, తర్వాత వాంతులు.

పైన ఇంట్లో ఉండే ఓనర్ ఆంటీ ఇండియాలో పెళ్లికి వెళ్లారు. ఫోన్ చేస్తే, వచ్చాక చూస్తానన్నారు. సిటీ మున్సిపాలిటీవాళ్లకి చెబితే పర్మిట్ లేని బేస్‌మెంట్ అని మూయించేస్తారు, ఐదుగురం రోడ్డున పడతాం. లావణ్య మొహం రోజురోజుకీ పాలిపోతుంటే నాకు భయమేసింది. భయం కంటే పౌరుషం ఎక్కువ వచ్చింది. ఇంత చదువు చదివి ఒక వాసనని ఆపలేనా అనుకున్నాను.

సింకు కింద వంపు తిరిగిన పైపుని ట్రాప్ అంటారు. ఆ వంపులో ఎప్పుడూ కాసిని నీళ్లు నిలిచి ఉండాలి. మత్తెక్కించి ప్రాణం మీదికి తెచ్చే మురుగు గ్యాస్‌ని ఇంట్లోకి రాకుండా ఆపేది ఆ నీళ్లే. మాది పాతబడిందని, అచ్చం అలాంటిదే కొత్తది కొని బిగించాను. అది ఎస్ ఆకారం ట్రాప్, తిన్నగా నేలలోకి దిగుతుంది. వాసన ఆగింది. మర్నాడు వంట కాగానే మళ్లీ వచ్చింది.

అప్పుడు వెలిగింది. తప్పులో సగం మాదే. గంజి వార్చిన అన్నమే అన్నమని పట్టుబట్టి, ఐదుగురికీ పెద్ద గిన్నెలో వండి, గంజంతా ఒక్కసారిగా సింకులో వార్చేవాళ్లం. ఆ జోరుకి ఎస్ ట్రాప్‌లో నిలవాల్సిన నీళ్లు కూడా వెంట కొట్టుకుపోయేవి. గంజి మానేసినా, సింకు నిండా నీళ్లు వదిలితే అదే తంతు. మాకు కావాల్సింది పి ట్రాప్. అది పక్కకి తిరిగి గోడలోని పైపుకి కలుస్తుంది. అక్కడ గాలి గొట్టం ఉంటే వంపులో నీళ్లు ఖాళీ కావు. కొనడమైతే కొన్నాను. మా గోడలో పైపే కనపడలేదు.

మర్నాడు క్లాసు మానేసి, మధ్యాహ్నం సింకు కింద దూరి కూర్చున్నాను. గోడ లోపలి నుంచి మూడుసార్లు కొట్టిన చప్పుడైంది. అవతల లావణ్య గది. నా సద్దుకి నిద్ర చెడి విసుక్కుంటోందనుకున్నాను. మళ్లీ మూడుసార్లు, అదే చోట. నేనూ అక్కడ తట్టి చూస్తే డొల్లగా మోగింది. చెక్క పలక ఊడదీశాను. మూత బిగించిన పాత డ్రైన్ పైపు, పైకి పోయే గాలి గొట్టంతో సహా, అక్కడే ఉంది.

రెండు గంటల్లో పి ట్రాప్ బిగించి, నేలలోని పైపుకి గట్టిగా మూత పెట్టేశాను. గిన్నెలకొద్దీ నీళ్లు గుమ్మరించినా వాసన రాలేదు.

సంబరంగా లావణ్య గది తలుపు తీశాను. మంచం ఖాళీ. కాసేపటికి జాకెట్ వేసుకుని బయటి నుంచి వచ్చింది. మధ్యాహ్నం నుంచీ వెనక మెట్ల మీదే కూర్చుందట. మరి గోడ ఎవరు కొట్టారని అడిగాను.

"నువ్వే గదా అక్కా కొడ్తున్నవ్," అంది. "పది రోజుల సంది రోజూ నా తలకాడ గోడ కొట్టి లేపుతున్నవ్. లేశి బయట గాలికి కూసుంటున్న. నువ్వు లేపకపోతే నా అంతట నేను లేశేదాన్నే కాదు."

ఆ ఒక్క రోజు తప్ప, పది రోజులూ మధ్యాహ్నాలు నేను కాలేజీలో ఉన్నాను. మిగతా ముగ్గురూ అంతే. పైన ఇల్లు తాళం వేసి ఉంది. పైపులు చప్పుడు చేస్తాయని నాకూ తెలుసు. కానీ గోడలోని ఆ పాత పైపులోకి ఏళ్ల తరబడి చుక్క నీరు పోలేదు, మూత తీసినప్పుడు లోపల ఎండిపోయి ఉంది. ఎంత ఆలోచించినా నాకు ఈనాటికీ అంతుబట్టలేదు.

ట్రాప్ మార్చిన మర్నాటి నుంచి గోడలో చప్పుడు లేదు. ఆ రోజు లావణ్య సాయంత్రం దాకా కదలకుండా నిద్రపోయింది. నేను మళ్లీ కాలేజీ మానేసి, గంటకోసారి వెళ్లి ఊపిరి తీస్తోందో లేదో చూసి వచ్చాను.