కరుణ మేడం వేసిన కుర్చీ

నిన్న మధ్యాహ్నం మిర్యాలగూడ రైసుమిల్లు నుంచి ఒక కంప్యూటరు నా షాపుకు వచ్చింది. పక్క రేకు విప్పి బ్లోయర్ పెట్టగానే లోపలి దుమ్మంతా లేచి ముఖాన పడింది. మా సూర్యాపేట కంప్యూటర్లలో దుమ్ముకు రోడ్డు వాసన ఉంటుంది. మిర్యాలగూడ దుమ్ముకు తవుడు వాసన. కాస్త తియ్యగా, కాస్త ముక్కిపోయినట్టుగా ఉండే ఆ వాసనకు ముందు వరసగా తుమ్ములు వచ్చాయి, ఆ వెనకే కరుణ మేడం గుర్తుకొచ్చారు. తుమ్ములు ఆగాక కూడా కళ్ళు తుడుచుకుంటూనే ఉన్నాను. షాపులో ఉన్న కస్టమరు కంట్లో దుమ్ము పడిందనుకున్నాడు. నేనూ అలాగే అనుకోనిచ్చాను.

మాది తుంగతుర్తి దగ్గర పల్లె, గొర్లు మేపే ఇల్లు. డిగ్రీ అయ్యాక కంప్యూటర్ల పని నేర్చుకుంటానని మిర్యాలగూడ వెళ్ళి, స్టేషన్ రోడ్డులో కరుణ మేడం నడిపే రిపేరు షాపులో చేరాను. ఆమె అంతకు ముందు ఒక ప్రైవేటు బడిలో కంప్యూటర్ టీచరు. తెల్లటి నూలు చీర, చిన్న గొంతు, ఎవరు ఎంత గొడవ చేసినా మారని ముఖం. నేను సరిగ్గా దీనికి తలకిందులు. ఒక పని చేతిలో ఉండగానే మనసు రెండో పని మీదికి పోతుంది. నన్ను చూసిన మొదటి రోజే ఆమె, "నీకు చెయ్యి మంచిగున్నది మల్లీ, జర కూసోవుడు నేర్సుకోవాలె" అన్నారు. అది మెచ్చుకోవడమో తిట్టడమో తెలియక నేను రోజంతా ముఖం ముడుచుకుని పనిచేశాను.

మా దిక్కు కంప్యూటరు షాపుల్లో అన్ని రోగాలకూ ఒకటే మందు, ఫార్మాట్. మొరాయిస్తే ఫార్మాట్, చప్పుడు చేస్తే ఫార్మాట్, ఏమైందో అర్థం కాకపోతే మరీ ఫార్మాట్. ఉన్నదంతా తుడిచేసి కొత్తగా ఎక్కిస్తే మనకు తలనొప్పి ఉండదు, కస్టమరుకు ఏం పోయిందో ఇంటికి వెళ్ళాక గానీ తెలియదు. కరుణ మేడం షాపులో ఆ మాట ఎత్తకూడదు. ఆమె పద్ధతి వేరు. బల్ల ముందు తన కుర్చీతో పాటు ఇంకో కుర్చీ ఉండేది. వచ్చినవాళ్ళను అందులో కూర్చోబెట్టి మౌస్ వాళ్ళ చేతికే ఇచ్చేవారు. "ఇంట్ల ఎట్ల చేస్తవో గట్లనే చెయ్యి. నేను సూస్త." అంతే. చేతులు ఒళ్ళో పెట్టుకుని చూస్తూ ఉండేవారు. వెనక నిలబడ్డ నాకు కాళ్ళు పీకేవి, ప్రాణం విసిగేది.

చేరిన కొత్తలో ఒక మిల్లు ఓనరు భార్య ల్యాప్‌టాప్ పట్టుకొచ్చింది. మధ్యాహ్నాలు పేకముక్కల ఆట ఆడుకుంటుందట. కొన్నాళ్ళుగా ఆట మీద నొక్కితే ఆట రాకుండా ఇంటర్నెట్ పేజీ తెరుచుకుంటోంది. వైరస్ అని నేను తేల్చేశాను. మేడం ఆమెను కూర్చోబెట్టి ఆడమన్నారు. ఆమె నొక్కింది, బ్రౌజర్ తెరుచుకుంది, పాము కనబడ్డట్టు ఆమె వెంటనే దాన్ని మూసేసింది. మళ్ళీ నొక్కింది, మళ్ళీ మూసింది. "ఈసారి ముయ్యకమ్మా, అది ఏమంటదో సదువుదాం" అన్నారు మేడం. పాస్‌వర్డ్ మార్చుకున్నందువల్ల ఆ ఆట, ఆడేది ఎవరో చెప్పమని బ్రౌజర్‌లో అడుగుతోంది. ఈమె ప్రతిసారీ జవాబు చెప్పకుండా తలుపేస్తోంది. పేరు, పాస్‌వర్డ్ కొట్టగానే ముక్కలు పరుచుకున్నాయి. ఆమె వెళ్ళాక నేను నవ్వాను. మేడం నవ్వలేదు. తెలియని తలుపు తెరుచుకుంటే ఎవరైనా భయపడతారని మాత్రం అన్నారు.

ఆ తర్వాతే ఈశ్వరమ్మ వచ్చింది. కోదాడ నుంచి బస్సులో, సీపీయూను దుప్పట్లో చుట్టి ఒళ్ళో పెట్టుకుని. ఆమె భర్త వెంకన్న మిర్యాలగూడ మిల్లుల బియ్యం లారీ తోలేవాడు. హైవే మీద యాక్సిడెంటై కాలు పోయింది. తోటి డ్రైవర్లు అతనికి పాత కంప్యూటరు, దానికి తగిలించే ఆటబొమ్మలాంటి స్టీరింగు, ఒక లారీ నడిపే ఆట ఇప్పించారు. పొద్దంతా అదే అతని లోకం. ఇప్పుడు ఆట తెరవబోతే బ్రౌజర్ వస్తోంది. కోదాడలో చూపిస్తే ఫార్మాట్ చేద్దామన్నారట. "వద్దన్నానండి. ఆయన తోలిన ట్రిప్పులన్నీ అందులోనే ఉన్నాయండి" అంది. ఫార్మాట్ చేయని మేడం ఒకామె ఉందని మిల్లు డ్రైవర్లు చెబితే ఇంత దూరం వచ్చింది.

మేడం దాన్ని తగిలించి ఆమెనే నొక్కమన్నారు. అనుకున్నట్టే బ్రౌజర్ తెరుచుకుంది, ఖాళీ పేజీ. ఈసారి సంగతి నాకూ తెలిసింది. తెర మీద కనబడే ఆ బొమ్మ ఆట కాదు, ఆటకు రాసిన అడ్రసు. ఆ అడ్రసు అందుకుని ఆటను లేపడానికి లాంచర్ అని ఇంకో ప్రోగ్రాం ఉంటుంది. అది లేకపోతే అడ్రసును ఎవరికివ్వాలో తెలియక కంప్యూటరు బ్రౌజర్ చేతిలో పెడుతుంది. ఈ కంప్యూటరులో ఆట క్షేమంగా ఉంది, ట్రిప్పులూ ఉన్నాయి, లాంచర్ ఒక్కటే లేదు. దాన్ని మళ్ళీ ఎక్కించి పాత ఫోల్డరు చూపిస్తే సరిపోతుంది. నేను అప్పుడే కుర్చీ లాక్కున్నాను.

మేడం నా భుజం మీద చెయ్యి వేసి ఆపారు. ఇంట్లో దీన్ని ఇంకెవరైనా ముట్టుకుంటారా అని ఈశ్వరమ్మను అడిగారు. మేమిద్దరమేనండి అంది ఆమె, కొంగు చివర వేలికి చుట్టుకుంటూ. మేడం ఆ వేలి వైపు కాసేపు చూశారు. ఆదివారం తామే తెచ్చి ఇంట్లో బిగించి ఇస్తామని చెప్పి పంపారు. అరగంట పనికి కోదాడ దాకా పోవడమేమిటని నాకు ఒళ్ళు మండింది. ఆదివారం మేడం చర్చి నుంచి నేరుగా బస్టాండుకు వచ్చారు, నేను సీపీయూ మోసుకుంటూ సణుగుతూ వెంట నడిచాను.

వెంకన్న ఇంట్లో ముందు గదిలోనే బల్ల, దానికి బిగించిన స్టీరింగు. ఎదురుగా గోడ మీద దండ వేసిన ఫోటో, మీసాలు సరిగ్గా రాని కుర్రవాడు. మేడం ఫోటో వైపు చూడటం గమనించి వెంకన్నే చెప్పాడు: "మా బామ్మర్ది మేడం. ఈశ్వరి తమ్ముడు. నా బండికే క్లీనరు." ఆ యాక్సిడెంటులో పోయింది కాలొక్కటే కాదని అప్పుడు అర్థమైంది.

మంచినీళ్ళ వంకతో మేడం వంటింట్లోకి వెళ్ళారు. నేను వెంట వెళ్ళాను. ఈశ్వరమ్మ చెంబు నింపుతూ మా వైపు తిరగకుండానే మాట్లాడింది.

"తీసేసింది నేనేనండి. రోజూ ఆ హారను, ఆ బ్రేకు కీచుమనటం. రోజూ మా తమ్ముడు మళ్ళీ చచ్చిపోతున్నట్టే ఉండేదండి. తీసేస్తే మానేస్తాడనుకున్నా. ఆ ఖాళీ పేజీ ముందే కూర్చున్నాడండి, నొక్కటం, ముయ్యటం, మళ్ళీ నొక్కటం. అన్నం కూడా సరిగ్గా తినట్లేదు. అది నడిచినా చూడలేను, నడవకపోయినా చూడలేను." చెంబు పొర్లిపోతోంది. "ఆయనకు చెప్పకండి."

మేడం వెళ్ళి నల్లా కట్టేశారు. "నేను చెప్ప. చెప్పుడు, చెప్పకపోవుడు నీ ఇష్టం. కానీ ఆట నడవాల్నా వద్దా అన్నది నువ్వు అనాలె ఈశ్వరమ్మా. నువ్వు అంటేనే ఎక్కిస్త. వద్దంటే, నాతోని కాలేదని ఆయనకు నేను చెప్పుకుంట."

తనకు చేతకాలేదని ఆమె నోటితో అనడం నేను ఎన్నడూ వినలేదు. ఈశ్వరమ్మ చెంబు గట్టు మీద పెట్టి గోడకు ఆనుకుంది. ఆమె వద్దంటుందని నేను అనుకున్నాను, నిజం చెప్పాలంటే అనాలనే కోరుకున్నాను. చివరికి, "ఎక్కియ్యండి" అంది.

ఫోన్ నుంచి నెట్ ఇచ్చి లాంచర్ దించాం. పాత ఫోల్డరు చూపించాం. మేడం వెంకన్నను స్టీరింగు ముందు కూర్చోబెట్టి, ఎప్పటిలాగే చెయ్యమన్నారు. అతను నొక్కాడు. లారీ వచ్చింది, ముందు అద్దంలోంచి రోడ్డు. అతని భుజాలు దిగాయి, అంతవరకూ అవి అంత బిగుసుకుని ఉన్నాయని నాకు తెలియలేదు. కొంత దూరం మామూలుగా నడిపాడు. ఒక మలుపు దగ్గర గట్టిగా బ్రేకు వేశాడు. స్పీకరు కీచుమంది. బండిని వెనక్కి తెచ్చి అదే మలుపుకు మళ్ళీ వచ్చాడు, ఈసారి ఇంకాస్త ముందే బ్రేకు వేశాడు. మళ్ళీ వెనక్కి.

ఎందుకని మేడం మెల్లగా అడిగారు.

"ఆ రోజు మలుపు గూడా ఇట్లనే ఉంటది మేడం. ఎక్కడ బ్రేకు కొడితే పోరడు బతికెటోడో సూస్తన్నా" అన్నాడు తెర మీంచి కళ్ళు తిప్పకుండా. "ఇంకా దొరకలే."

వంటింటి గుమ్మంలో ఈశ్వరమ్మ నిలబడి ఉంది. ఆమె విన్నది. ఇన్నాళ్ళూ గోడ అవతలి నుంచి తమ్ముడు చనిపోతున్న చప్పుడని ఆమె అనుకున్నది, నిజానికి ఇతను వాణ్ణి బతికించడానికి చేస్తున్న చప్పుడు. ఆమె వచ్చి అతని పక్కన స్టూలు వేసుకుని కూర్చుంది. "తీసేసింది నేనే" అంది. వెంకన్న ఆమె వైపు చూశాడు, గోడ మీది ఫోటో వైపు చూశాడు. తర్వాత వంగి స్పీకరు వైరు పీకేసి బండి ముందుకు పోనిచ్చాడు. ఈసారి మలుపు దాటాడు. మేడం నా మోచెయ్యి తాకారు. చాయ్ తాగకుండానే ఇద్దరం బయటికి వచ్చేశాం.

తిరుగు బస్సులో నేను అడిగాను, రోగం షాపులోనే తెలిసినప్పుడు ఇంత దూరం ఎందుకొచ్చామని. ఆమె కిటికీలోంచి నాట్లు వేసిన పొలాలు చూస్తూ, "లాంచర్ తీసేసిన్రని షాపుల కనబడ్డది మల్లీ. ఎందుకు తీసేసిన్రో గాడ కనబడదు గద" అన్నారు. మిర్యాలగూడ చేరేదాకా నేను కదలకుండా కూర్చున్నాను, నాకది కొత్త.

నేను సూర్యాపేటకు వచ్చి సొంత షాపు పెట్టుకున్నాక, పోయిన వానాకాలంలో కరుణ మేడం కన్నుమూశారు. జబ్బు సంగతి చివరిదాకా ఎవరికీ చెప్పలేదు. అందరి మాటా వినే మనిషి తన మాట ఎవరికీ వినిపించకుండా వెళ్ళిపోవడం నాకు ఇప్పటికీ కోపం తెప్పిస్తుంది. ఆమెను ఎదురుగా కూర్చోబెట్టి నేను ఒక్కసారి అడిగి ఉంటే చెప్పేవారేమో. సమాధుల దగ్గర జనం చెదిరిపోయాక చంకకర్ర పట్టుకుని వెంకన్న నా దగ్గరికి వచ్చాడు, పక్కన ఈశ్వరమ్మ. ఏం మాట్లాడాలో తెలియక, ఆట నడుస్తోందా అని అడిగాను.

"నడుస్తంది. ఇప్పుడు స్టీరింగు ఈశ్వరిదే" అన్నాడు. "నేను క్లీనరు సీట్లో కూసుంటా."

ఈశ్వరమ్మ తల వంచుకుని అతని చొక్కా మీద పడ్డ మట్టి దులిపింది.

మేడం బల్ల ముందుండే ఆ రెండో కుర్చీ ఇప్పుడు నా షాపులో ఉంది. అడిగి తెచ్చుకున్నాను. నా తొందర పూర్తిగా పోలేదు, ఎదుటివాళ్ళు మౌస్ అటూ ఇటూ తిప్పుతుంటే లాక్కోవాలని చెయ్యి ఇంకా లేస్తూనే ఉంటుంది. నిన్న మిల్లు కంప్యూటరు తుడిచి పక్కన పెట్టాక, నా కంట్లో దుమ్ము పడిందనుకున్న ఆ కస్టమరు సంచిలోంచి ల్యాప్‌టాప్ తీసి, ఈ ఆట ఒక్కటే అక్కా, నొక్కితే ఇంటర్నెట్ వస్తంది, ఫార్మాట్ చేసెయ్యి అన్నాడు. నేను చేతులు ఒళ్ళో పెట్టుకుని అతనికి ఆ కుర్చీ చూపించాను.