మూడో నంబరు కంప్యూటర్లో తొంభై రోజులు

లాల్‌దర్వాజాలో ఆండాలు చేత ఔననిపించుకున్న మనిషి లేడు. పాలవాడు పోసిన పాలలో వేలు ముంచి చూసేది. కరెంటు మనిషి మీటరు చూసి వెళ్తే, తాను స్టూలెక్కి మళ్లీ చూసేది. కొడుకు రామ్‌చందర్ బయట తినొచ్చానంటే వాడి చెయ్యి వాసన చూసిన రోజులు కూడా ఉన్నాయి. "గీ అనుమానం రోగానికి మందు లేదా అమ్మా?" అని వాడు నవ్వితే, "ఇర్వై ఎనిమిదేండ్లు దవాఖానల చేసిన. మందుంటే నాకు తెల్వదారా?" అని వాడి నోరు మూయించేది.

దవాఖాన అంటే సర్కారు ప్రసూతి ఆసుపత్రి. డెబ్బై ఏడులో కాన్పుల వార్డులో ఆయాగా చేరి, రెండు వేల ఐదులో రిటైరైంది. అనుమానం ఆమెకు పుట్టుకతో వచ్చిన గుణం కాదు, ఆ వార్డు పెట్టిన బుద్ధి. ఒకసారి ఇద్దరు పసిపిల్లల చేతి పట్టీలు తారుమారైతే నర్సులు చూడలేదు, డాక్టరమ్మ చూడలేదు, ఆండాలు చూసింది. ఆ తర్వాత వార్డులో ఆమె మాటకు విలువ పెరిగింది. విలువతో పాటు అనుమానమూ పెరిగింది.

అయినా ఒక్కసారి మోసపోయింది. తొంభై నాలుగులో, ఒక పిల్ల కడుపు చుట్టూ చున్నీ కప్పుకొని వచ్చి, "ఏం లేదమ్మా, కడుపుల గడ్డ" అంది. ఆ పూట వార్డు కిటకిటలాడుతోంది. ఆండాలు సరేనని ఓపీ వైపు చెయ్యి చూపించి తన పనిలో పడింది. మధ్యాహ్నం వెనక వరండాలో, బెంచీ కింద, అదే చున్నీలో చుట్టిన పసిగుడ్డు దొరికింది. ఆండాలు ఎత్తుకునేసరికే బిడ్డ ఒళ్లు చల్లబడిపోయి ఉంది. చున్నీ కప్పుకొచ్చిన పిల్ల మళ్లీ కనిపించలేదు. అప్పటి నుంచి, కడుపు దాచుకునే ఆడదాన్ని చూస్తే ఆండాలుకు ఆ చున్నీయే కళ్ల ముందు ఆడుతుంది.

వార్డులో ఆమెకు ఒక పద్ధతి ఉండేది. బిడ్డ పుట్టగానే తుడిచి తల్లి ముఖం దగ్గరకు తీసుకెళ్లి చూపించేది. అందరూ బిడ్డను చూస్తే ఆండాలు తల్లిని చూసేది. ఈ బిడ్డ ఆ తల్లికి కావాలో అక్కర్లేదో ఆ ఒక్క క్షణంలో తెలిసిపోతుందని ఆమె లెక్క. ఆ లెక్క ఎన్నడూ తప్పలేదని ఆమె నమ్మకం. తప్పిందో లేదో ఎవరు చూడొచ్చారు?

రిటైరయ్యాక రామ్‌చందర్ ఆమెకు ఇంకో డ్యూటీ వేశాడు. ఇంటి ముందు గదిలో నాలుగు కంప్యూటర్లు పెట్టి నెట్ సెంటర్ నడుపుతున్నాడు. మగపిల్లలు ఎగబడే చోటికి ఆడవాళ్లు రారు కదా అని, మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు దాకా లేడీస్ టైం అని బోర్డు రాశాడు. ఆ రెండు గంటలూ గుమ్మానికి పరదా, పరదా ముందు ప్లాస్టిక్ కుర్చీ, కుర్చీలో ఆండాలు. ఆమెను దాటి మగపురుగు లోపలికి పోయింది లేదు.

లోపల ఆడవాళ్లు మెయిళ్లు చూసుకునేవారు, పరీక్షా ఫలితాలు చూసుకునేవారు. కానీ ఎక్కువమంది ఇల్లాట ఆడేవారు. ఆ ఇంగ్లీషు ఆటకు పేరేదో ఉంది గానీ, వీధిలో అందరికీ అది ఇల్లాటే. తెర మీద ఇల్లు కట్టాలి, మొగుడూ పెళ్లాలను చెయ్యాలి, వాళ్లకు వండి పెట్టాలి, పడుకోబెట్టాలి. అందులో ఆడమనిషికి కడుపొస్తుంది. వదులు గౌను వేసుకొని, నడుం పట్టుకొని తిరుగుతుంది. మూడో రోజుకు చేతిలో బిడ్డ ప్రత్యక్షం. "మూడొద్దులల్ల కాన్పా! మాకు గిట్ల పేషంట్లు దొరక్కపాయె," అని మొదటిసారి చూసి ఆండాలు బుగ్గలు నొక్కుకుంది.

అడిగినవాళ్ల కోసం రామ్‌చందర్ ఎక్కడి నుంచో ఒక చిన్న అదనపు ప్రోగ్రాం దించి పెట్టాడు. దాంట్లో చిన్న చిన్న డబ్బాలు ఉంటాయి. కడుపు రావాలా వద్దా, ఒకరా కవలలా, ఎన్ని రోజులు మోయాలి. డబ్బాలో అంకె మార్చి నొక్కితే చాలు. ఆడవాళ్లు మాటిమాటికీ అడుగుతుంటే ఆండాలే ఆ పని నేర్చుకుంది. ఆట కాన్పులకు కూడా ఆయా ఆమే అయింది.

ఉగాది దాటాక మైథిలి రావడం మొదలుపెట్టింది. తెనాలి వైపు మనిషి. మొగుడు శ్రీహరిరావు ఏదో ప్రభుత్వాఫీసులో గుమాస్తా. గుడి వెనక సందులో అద్దెకుంటారు. వచ్చి మూడో నంబరు కంప్యూటర్ దగ్గర కూర్చునేది. పక్కన రెండో నంబర్లో జహనుమా నుంచి వచ్చే సురయ్యా, మగ్గం పని చేసే మనిషి, నోటికి తాళం లేని మనిషి. ఇద్దరికీ స్నేహం కుదిరింది. మైథిలి రాని రోజున సురయ్యా ఆ మూడో నంబర్లోనే కూర్చునేది.

మైథిలి ఆటలో ఒక వింత ఉందని ఆండాలు వారంలోనే పసిగట్టింది. ఆమె ఇంట్లో పెళ్లానికి కడుపొచ్చింది. మూడో రోజు దగ్గర పడుతుండగా మైథిలి ఆట ఆపేసి, సేవ్ చెయ్యకుండా లేచిపోయేది. మర్నాడు మళ్లీ మొదటి రోజు నుంచి. నాలుగు రోజులు అలా చేసి, ఐదో రోజున రామ్‌చందర్‌ను అడిగింది.

"ఆ రోజులు పెంచడానికి కుదురుతుందా అండీ?"

"ఎన్ని చెయ్యమంటరు మేడమ్?"

"ఎన్ని పడితే అన్ని."

వాడు తొంభై అని కొట్టాడు. ఎవరైనా బిడ్డ తొందరగా పుట్టాలని అడుగుతారు. ఈమె పుట్టకూడదని అడుగుతోంది. పరదా అంచు పట్టుకొని ఆండాలు ఆమె వీపు వైపే చూస్తూ కూర్చుంది.

ఎండలు ముదిరాయి. రోడ్డు మీద తారు కరుగుతుంటే మైథిలి భుజాల చుట్టూ శాలువా కప్పుకొని వచ్చేది. చంకలో ఒక దిండు తెచ్చుకొని కుర్చీలో వేసుకునేది. రెండు మెట్లెక్కడానికి రెండు నిమిషాలు. ఆండాలు కళ్లకు ఇంకేం కావాలి? ఒకనాడు లోపలికి వస్తుంటే మెల్లగా అడిగింది.

"ఎన్నో నెల బిడ్డా?"

మైథిలి శాలువా ముందుకు లాక్కుంది. "అబ్బే, ఏమీ లేదండి. గ్యాసు."

ఆ మాటతో ఆండాలుకు చున్నీ పిల్ల గుర్తొచ్చింది. కడుపుల గడ్డ, గ్యాసు. పేరు మారింది గానీ అబద్ధం అదే. ఆ సాయంత్రం కొడుకుతో అంది. "ఆ ఆంధ్రా పిల్లకు బిడ్డ వద్దురా. దాస్తున్నది. ఏం చేస్తదో ఏమో."

"నీకెందుకమ్మా లొల్లి? ఆమె కడుపు, ఆమె ఇష్టం."

"ఒకసారి నాకెందుకని ఊకున్న," అంది ఆండాలు. రామ్‌చందర్‌కు అర్థం కాలేదు.

ఆషాఢం వచ్చింది. బోనాలు వారం ఉన్నాయనగా వీధిలో డప్పులు సరిచేసుకుంటున్నారు. శాలువా ఇక కడుపును దాచలేకపోతోంది. సురయ్యాకు తెలిసినా తెలియనట్టే ఉండేది. ఆండాలు మాత్రం నిద్ర పట్టక, అన్నం దిగక తిరిగింది. ఎవరికి చెప్పాలి? పోలీసుకా? ఏమని చెప్పాలి? చివరికి ఆమెకు తన పాత పద్ధతి గుర్తొచ్చింది. బిడ్డను చూపించి తల్లి ముఖం చూడాలి. కడుపులో బిడ్డను చూపించలేదు. కానీ తెర మీద బిడ్డను చూపించగలదు.

మర్నాడు రామ్‌చందర్ భోజనానికి లోపలికి వెళ్లాక మూడో నంబరు ముందు కూర్చుంది. డబ్బా తెరిచి తొంభై చెరిపింది. ఒకటి కొట్టి నొక్కింది. మంచి పనే చేస్తున్నానని మనస్ఫూర్తిగా నమ్మింది. మనిషి ఎంత చెడ్డ పనైనా చెయ్యడానికి ఆ నమ్మకం ఒక్కటుంటే చాలు.

రెండు గంటలకు మైథిలి వచ్చి దిండు సర్దుకొని కూర్చుంది. ఆండాలు కుర్చీ వదిలి తెర పక్కన నిలబడింది. ఆట తెరుచుకుంది. వదులు గౌను మనిషి వంటింట్లో నిలబడి ఒక్కసారిగా కడుపు పట్టుకుంది. ఇంట్లో బొమ్మలన్నీ చేతులూపుతూ పరుగెత్తుకొచ్చాయి. గలగలమని సంగీతం. ఆ మనిషి చేతుల్లో బిడ్డ. పేరు పెట్టమని కింద ఖాళీ డబ్బా.

ఆండాలు మైథిలి ముఖం చూసింది. రక్తం చుక్క లేదు. కళ్లల్లో భయం, ఉట్టి భయం. చూశావా, అనుకుంది ఆండాలు. అనుకున్నంత అయింది అనుకుంది.

"అయ్యో, ఇప్పుడే కాదు, ఇప్పుడే కాదు," అంటూ మైథిలి లేవబోయి, కడుపు కింద చెయ్యి పెట్టుకొని మళ్లీ కూలబడింది. తర్వాత పక్కకు తిరిగింది. "సురయ్యా, నిన్న నేను రాలేదు. నువ్వే కూర్చున్నావు ఇక్కడ. నువ్వే మార్చావు కదూ?"

"అల్లా కసమ్! నేనెందుకు మారుస్త? నేను ముట్టలే!"

"మరి ఎవరు? అన్నీ తెలిసి కూడా నవ్వులాటకా నీకు?" మైథిలి శాలువా పక్కకు తోసేసింది. "మూడు పోయాయి. మూడూ ఏడో నెలలోనే. ఇది నాలుగోది, నాకిప్పుడు ఏడో నెల. కుట్టు వేశారు, మెల్లగా నడవమన్నారు. తొమ్మిదో నెల దాకా ఎవరికీ చెప్పొద్దని మా అత్తగారు ఒట్టు వేయించుకున్నారు. ఇందులో ఈ పిల్ల మోస్తున్నన్నాళ్లు నేనూ మోస్తాననుకున్నాను. పిచ్చిదాన్నే. కానీ నాకు ఇంకేముంది పట్టుకోవడానికి?"

సురయ్యా ఏడుస్తూ, "నేను కాదు మైథిలీ, నా పిల్లల మీద ఒట్టు," అంటోంది. మైథిలి నమ్మడం లేదు.

ఆండాలు కుర్చీలోని దిండు వైపు చూసింది. దిండు, రెండు మెట్లకు రెండు నిమిషాలు, అడుగులో అడుగు. గర్భసంచి మూతికి కుట్టు వేసిన ఆడవాళ్లు అలాగే నడుస్తారు. వాళ్లను చెయ్యి పట్టి నడిపించిందే తాను. ఇరవై ఎనిమిదేళ్లు చూసిన నడకను నాలుగు నెలలు కళ్లెదుట పెట్టుకొని గుర్తుపట్టలేదు. నోరు మూసుకుంటే చాలు, నింద సురయ్యా మీదే ఉండిపోతుంది. తనను అనుమానించే వాళ్లెవరూ లేరు. ఆ సంగతి ఆమెకు బాగా తెలుసు.

"సురయ్యా కాదు," అంది. "నేను మార్చిన."

బయట డప్పు మోగుతోంది.

"మీరా? ఎందుకండీ?"

"నీకు బిడ్డ వద్దనుకున్న. పారేస్తవనుకున్న. నీ మొఖం చూద్దామని మార్చిన."

మైథిలి దిండు తీసి చంకలో పెట్టుకుంది. తిట్టలేదు. తిడితే బాగుండునని ఆండాలుకు అనిపించింది.

"మా సందు చివర్నే ఇంకో నెట్ సెంటర్ ఉందండి," అంది మైథిలి మెల్లగా. "గుమ్మంలో కాన్పుల వార్డు ఆయమ్మ కూర్చుంటుందని విని, ఇంత దూరం నడిచి ఇక్కడికి వచ్చాను. నాకేదైనా అయితే మీరున్నారని."

ఆండాలు పట్టుకోవడానికి చెయ్యి చాచింది. మైథిలి ఆ చెయ్యి తప్పించి సురయ్యా భుజం అందుకుంది. ఆటోలో ఆసుపత్రికి వెంట వెళ్లింది సురయ్యాయే. ఆ పూటకు నొప్పి తగ్గిందని, మంచం దిగొద్దన్నారని సాయంత్రం కబురు చెప్పింది.

తర్వాత మైథిలి రాలేదు. అత్తగారు శారదాంబ తెనాలి నుంచి వచ్చి ఉంది. ఆండాలు ఒకసారి వాళ్ల గుమ్మం దాకా వెళ్తే, శారదాంబ తలుపు సగమే తీసి, "పడుకుందండి," అని మూసేసింది. ఆ సంగతి వీధిలో పాకింది. లేడీస్ టైంలో వచ్చేవాళ్లు ఆండాలు చూపు పడితే కొంగు సర్దుకునేవారు. రామ్‌చందర్ ఆ అదనపు ప్రోగ్రాం తీసేశాడు. ఆండాలు వేళ్ల మీద వారాలు లెక్కబెట్టుకుంది. ముప్పై, ముప్పై రెండు, ముప్పై నాలుగు. ఆ లెక్క ఎవరూ ఆమెను అడగలేదు.

దసరా ముందు ఒక మధ్యాహ్నం సురయ్యా పరదా దగ్గర ఆగింది.

"కాన్పయింది ఆండాలమ్మా. పొద్దుగాల."

ఆండాలు మగబిడ్డా ఆడబిడ్డా అని అడగలేదు. "పుట్టంగనే ఏడ్చిందా?"

"ఏడ్చింది. నేను బయట బెంచీ మీదున్న. తలుపు ఇవతలికి ఇనొచ్చింది."

ఆండాలు గబగబా లేచి గోడవారనున్న చెప్పుల్లో కాళ్లు పెట్టింది. కొంగు నడుముకు చుట్టింది. సురయ్యా కదలలేదు, గుమ్మానికి అడ్డంగా అలాగే నిలబడింది.

"ఇప్పుడొద్దమ్మా," అంది, నేల చూస్తూ. "నువ్వు తప్ప ఎవరన్న రావొచ్చని మైథిలి చెప్పింది."

ఆండాలు నడుముకు చుట్టిన కొంగు విప్పింది.

"గట్టిగ ఏడ్చిందా?"

"మస్తు గట్టిగ ఏడ్చిందమ్మా."

"గంతే సాలు," అంది ఆండాలు. కుర్చీలో కూర్చుని చెప్పులు విప్పేసింది.