లంపాంగ్ చూసొచ్చిన గఫార్ సార్

ఎండలకు తట్టుకోలేక ఈమధ్య క్వార్టర్ కిటికీకి అట్టలు కొట్టించాను. మొన్న ఆదివారం మధ్యాహ్నం నడుం వాల్చితే ఎదుటి గోడ మీద కాలనీ వాటర్ ట్యాంకు తలకిందులుగా కనబడింది. అట్టలో మేకు చేసిన చిన్న కంతలోంచి వెలుగు వచ్చి, బయటి వీధంతా గోడ మీద తిరగబడి పడింది. ఒక స్కూటరు చక్రాలు పైకి పెట్టుకుని మెల్లగా పోయింది. ఇంకొకరైతే నవ్వుకునేవారు. నాకు గఫార్ సార్ గుర్తొచ్చి లేచి కూర్చున్నాను. ఎలాగూ ఈ వయసులో అలసట వస్తుంది గాని నిద్ర రాదు.

గోదావరిఖనిలో ఒక ఓపెన్‌కాస్టు గని సర్వే ఆఫీసుకు ఆయన పెద్ద. మా నాన్న ఒళ్లు గని పనికి పనికిరాదని డాక్టర్లు తేల్చాక ఆ ఉద్యోగం నాకు వచ్చింది, నేను ఆయన దగ్గర చేరాను. గీత గీయడం, కొలత తీయడం, కళ్లు మూసుకుని కూడా దిక్కు చెప్పడం ఆయన దగ్గరే నేర్చుకున్నాను. సన్నటి మనిషి, నడిచి నడిచి చెప్పుల మడమలు ఒకవైపే అరిగిపోయి ఉండేవి. కోపం వస్తే అరవరు, చాయ్ చల్లారేదాకా మాట్లాడరు, అంతే. ఆయనకు ఒకే ఒక్క పట్టుదల ఉండేది. మ్యాపు మీద ఏ చోటునైనా 'ఖాళీ' అని రాయాలంటే, ముందు ఆ ఊరి మనిషినొకరిని అక్కడికి తీసుకెళ్లి అడగాలి. "మన కంటికి ఏం కనవడకపోతే గా జాగ ఖాళీ గాదు బేటీ. మనకు తెల్వదన్నట్టు," అనేవారు. ఈ అడగడాలకే మా పని సగం రోజులు వెనకబడేది, పైనుంచి చీవాట్లు వచ్చేవి, ఆయన దులుపుకునేవారు.

ఒకసారి ఆఫీసర్లతోపాటు ఆయన్ని కూడా థాయిలాండ్‌లో బొగ్గు గనులు చూడ్డానికి పంపారు. ఉత్తరాన లంపాంగ్ అనే జిల్లా. పది రోజుల టూరు, పదేళ్లు చెప్పారు. రోజూ కిచిడీ డబ్బా మూత తియ్యగానే మొదలు. చుట్టూ కొండలట, మధ్యలో వాంగ్ అనే నది, ఒక మూల మే మో దగ్గర లిగ్నైట్ గని, పక్కనే పొగగొట్టాలు. "అచ్చం మన రామగుండమే, కని మనకాడ గుర్రబ్బండ్లు లేవు," అనేవారు. ఆ ఊళ్లో ఇప్పటికీ గుర్రబ్బళ్లు తిరుగుతాయట. ఒకప్పుడు అది చామదేవి అనే రాణి వంశం ఏలిన నేల అనీ, తర్వాత బర్మావాళ్లు వచ్చారనీ, టేకు వ్యాపారానికి వచ్చిన బర్మా షావుకార్లు తమ పద్ధతిలో గుళ్లు కట్టించుకున్నారనీ చెప్పేవారు. పచ్చరాతి బుద్ధుణ్ణి ఏనుగు మీద వేరే నగరానికి తీసుకుపోతుంటే, అది ఎన్నిసార్లు మళ్లించినా లంపాంగ్ దారే పట్టిందట. రాజు విసిగిపోయి అక్కడే ఉంచమన్నాడట. "ఆ ఏనుగే అసలు సర్వేయర్," అని ఆయనే నవ్వేవారు. విని విని మాకు కంఠతా వచ్చేసింది. ఆయన నోరు తెరవకముందే మేం అందించేవాళ్లం.

కానీ ఒక్క సంగతి చెప్పేటప్పుడు మాత్రం గొంతు తగ్గేది. అక్కడ దిబ్బ మీద ఒక పాత గుడి ఉంది, ఇటుక గోడ చుట్టి, లోపల టేకు స్తంభాల మండపం, వెనక బంగారు రంగు పెద్ద స్తూపం. బుద్ధుడి తల వెంట్రుక దాని కింద ఉందని వాళ్ల నమ్మకం. పక్కనున్న చిన్న చీకటి గదిలో తలుపు మూస్తే, సందులోంచి వచ్చిన వెలుగుకు ఆ స్తూపమంతా తెల్లగుడ్డ మీద తలకిందులుగా పడుతుందట. "నేను కొత్తగ చేరినప్పుడు కొలిచే పాత థియోడొలైట్ దుర్బీన్ల గిట్లనే ఉల్టా కనవడేది. ముప్పై ఏండ్లకు మళ్ల చూసిన. కండ్లల్ల నీళ్లొచ్చినయి," అన్నారు. ఆ గదిలోకి ఆడవాళ్లను రానివ్వరని కూడా చెప్పారు. "అయితే అంత దూరం పోయినా నేను చూడను గద సార్," అన్నాను ఉక్రోషంగా. "అందుకే నీకు ఇంత వివరంగ చెప్తున్న," అన్నారు. ఆయన ఆ మాట ఉత్తినే అనలేదని నాకు తెలుసు.

ఆయన రిటైరయ్యే ఏడాది గని పెరిగింది. తవ్విన మట్టి పోయడానికి పక్క ఊరి శివారు కొలవాలి. మే నెల. అప్పటికే రెండు వారాలుగా ఎండలో తిరిగి నా ఒళ్లు హూనమైంది. ఒక చోట తుమ్మపొదలు, గుంటలు, చిన్న చిన్న రాళ్లు, అంతే. చుట్టుపక్కల మనిషి జాడ లేదు. ఊళ్లోకి పోయి ఎవరినైనా పిలుచుకు రావాలంటే ఇంకో గంట. నేను జీపు కూడా దిగలేదు. ఖాళీ అని రాశాను. సాయంత్రం సార్ కాగితం చూసి, "అడిగినవా బేటీ?" అన్నారు. అడిగాను సార్ అన్నాను. ఆయన సంతకం చేశారు.

వానలు తగ్గాక ఒక ముసలమ్మ ఆఫీసుకు వచ్చింది. గుమ్మం దగ్గరే కూలబడి, "సారూ, మా పిల్లల బొందలగడ్డ మీద మట్టి పోస్తున్నరు," అంది. పురిట్లోనే పోయిన పసిపిల్లల్ని ఆ ఊరు అక్కడ పూడ్చుకుంటుందట. సమాధులు కట్టరు, గుర్తుకు ఒక రాయి పెడతారు. ఆమె పిల్లలు ముగ్గురు ఉన్నారక్కడ. సార్ నా వైపు చూడలేదు. చాయ్ అలాగే వదిలేసి, మోకాళ్లు పట్టుకుని జీపెక్కారు. వెనక అవ్వ, నేను. మేం పోయేసరికి డంపర్లు సగం గడ్డ కప్పేశాయి. ఆయన అడ్డంగా నిలబడి బండ్లు ఆపించారు. అవ్వ మట్టి అంచున అటూ ఇటూ తిరిగి, "నా పెద్దపిల్ల ఎటు దిక్కున్నదో సమజైతలేదు సారూ," అని అక్కడే కూర్చుంది. తర్వాత నన్ను చూసి అడిగింది. "కొలిచేటందుకు వచ్చింది నువ్వేనా బిడ్డా? ఇంటికొచ్చి ఒక్క మాట అడిగితే చెప్పకపోదునా?"

తిరిగొస్తుంటే దారిలో ఆయన ఒక్క మాటే అన్నారు. "అక్కడ ఒక్క ఎంటికె ఉన్నదని అంత గోపురం కట్టిండ్రు బేటీ. ఇక్కడ నిండు పిల్లలున్నరు." తిట్టినా బాగుండేది. ఆఫీసుకు పోగానే పైకి ఉత్తరం రాశారు. ఊరివాళ్లను విచారించకుండా సంతకం చేశాను, తప్పు నాది అని రాశారు. మిగిలిన సగం గడ్డను కంపెనీ వదిలేసింది. ఆయనకు మెమో వచ్చింది. రిటైర్మెంటు రోజున మాట్లాడిన పెద్దలు ఆ సంగతి కూడా ఎత్తారు. ఆయన పూలదండతో తల వంచుకుని కూర్చున్నారు. నేను మూడో వరసలో ఉన్నాను. లేచి చెప్పొచ్చు. చెప్పలేదు. రెండేళ్లకు ఆయన్ని దవాఖానలో చూడబోతే, "నడుస్తున్నవా, జీపులనే తిరుగుతున్నవా?" అన్నారు. నడుస్తున్నా సార్ అన్నాను. ఆ మాట మాత్రం నిజం.

ఇప్పుడు డ్రోన్లు వచ్చాయి. ఆకాశం నుంచి అన్నీ తెలుస్తాయంటారు. అయినా నేను దిగుతాను, ఊళ్లోకి పోతాను, అరుగు మీద కూర్చున్న వాళ్లను బతిమాలి వెంటబెట్టుకొస్తాను. చాదస్తం అనుకుంటారు. కాళ్లు లాగుతాయి, విసుగొస్తుంది, ఎందుకొచ్చిన ఉద్యోగం అనిపిస్తుంది. అయినా అడుగుతాను. ఇది చదివేవాళ్లు గఫార్ సార్‌ను చూసి ఉండరు. ఆఫీసు కాగితాల్లో వెతికితే మాత్రం ఆ ఉత్తరం, ఆ మెమో దొరుకుతాయి. ఆయన ఎవరినీ అడగకుండా సంతకం చేసిన మనిషి అని వాటిలో ఉంటుంది. అది అబద్ధం. ఆయన నన్ను అడిగారు. అడిగానని నేను చెప్పాను.