మాగేసిన పెళ్ళి

మట్టెవాడలో ఓంకార్‌కు పెళ్ళి వీడియో ఎడిటింగ్‌కు ఇచ్చినవాళ్ళు ఆ సంగతి మరిచిపోవడం ఆరోగ్యానికి మంచిది. ఆవకాయ కూడా అంతకాలం ఊరదు. నెక్కొండలో ఒకాయన తన పెళ్ళి సినిమాను కూతురిని ఒళ్ళో కూర్చోబెట్టుకుని చూశాడు. "బాపూ, నీ పెండ్లికి నన్నెందుకు తోలుకపోలే?" అని ఆ పిల్ల రెండు పూటలు అలిగింది.

ఎవరు ఎప్పుడు అడిగినా ఓంకార్ జవాబు ఒకటే. "ఇంక మాగలే." మామిడికాయలను వరిగడ్డిలో పెట్టి కూర్చున్నవాడిలా, ఎంతో నిమ్మళంగా చెబుతాడు.

పని రాక కాదు. చేతిలో మంచి విద్య ఉంది. కాకపోతే మనిషి సగం నేల మీద, సగం మబ్బుల్లో ఉంటాడు. మబ్బులంటే మాటవరసకు అనడం లేదు. ఆయన వీడియోలో పెళ్ళికూతురు మబ్బుల్లోంచి మెల్లగా తేలుతూ రావలసిందే. ఎవరో పొలంలో బోరు వేస్తే తీసిన వీడియోలో కూడా నీళ్ళకంటే ముందు మబ్బులే వచ్చాయి.

"బోర్ల మబ్బులెందుకన్నా?" అని ఆ రైతు అడిగాడు.

"మరి నీళ్ళు యాడికెల్లి వచ్చినయనుకున్నవ్?" అన్నాడు ఓంకార్.

ఈ ముచ్చట్లకు మట్టెవాడంతా నవ్వేది, ఒక్క సుకన్య తప్ప. ఆమె పెళ్ళి వీడియో ఏడాదిగా ఓంకార్ దగ్గరే మాగుతోంది. ఇప్పుడామెకు ఏడో నెల. తొలి కాన్పుకు వర్ధన్నపేట నుంచి తండ్రి కట్టయ్య వచ్చి తీసుకుపోవాలి. ఆయనేమో ఈ గడప తొక్కనంటున్నాడు.

పెళ్ళిలో మగపెళ్ళివారి పెద్దలకు బట్టలు పెట్టే వేళ సుకన్య మామగారి అన్న వెంకట్రాజాన్ని మైకులో పిలవలేదట. పిలిచాను, ఆయనే అక్కడ లేడని కట్టయ్య. ముందు వరుసలోనే ఉన్నాను, పిలవలేదని వెంకట్రాజం. ఆయన అన్నం తినకుండా లేచి వెళ్ళిపోయాడు. వీడియో వస్తే ఎవరిది తప్పో తేలుతుందని రెండు కుటుంబాలూ పట్టుబట్టి కూర్చున్నాయి. లోకమంతా పెళ్ళి వీడియోను మురిసిపోతూ చూడ్డానికి అడుగుతుంది, వీళ్ళు పంచాయితీలో పెట్టడానికి అడుగుతున్నారు.

చివరికి సుకన్యే ఆయాసపడుతూ ఓంకార్ స్టూడియో మెట్లెక్కింది. ఆయన కళ్ళు సగం మూసుకుని, పక్క వీధిలోని మరమగ్గాల చప్పుడు జోలపాటలా వింటున్నాడు.

"అన్నా, జర ఆ వీడియో ఇయ్యరాదు? ఎవలది తప్పో తేలితే నేను తల్లిగారింటికి పోత."

"తేలితే ఒకలు గెలుస్తరు చెల్లె. ఓడిపోయినాయన నీ ఇంటికొస్తడా?"

సుకన్య కొంగుతో కళ్ళు తుడుచుకుంది.

"ఫికర్ చెయ్యకు," అన్నాడు ఓంకార్. "ఇన్నొద్దులు మీ పెద్దమామ వచ్చినప్పుడల్లా బట్టలు పెట్టిన ముక్క చూపియ్యమనేది. మొన్న వచ్చి సూట్ల ఎట్ల కనబడ్డనని అడిగిండు. మీ బాపు ఫోన్ చేసి బరాత్ మంచిగొచ్చిందా అన్నడు. ఇగ మాగింది. ఐతారం రమ్మని ఇద్దరికి నేనే చెప్త."

ఒకరికి చెప్పిన సంగతి ఇంకొకరికి చెప్పలేదు. ఆదివారం ఆ ఇరుకు గదిలో, సుకన్య, ఆమె అత్తగారు చూస్తుండగా, ఇద్దరూ ఎదురుపడ్డారు. లేచి వెళ్ళిపోదామంటే సినిమా మొదలైంది. ఎంత పగైనా, తెర మీద తమ ముఖం వచ్చేదాకా ఎవరు లేస్తారు?

ముందు మబ్బులు వచ్చాయి. వాటిలోంచి సుకన్య తేలుతూ వచ్చింది. తర్వాత తెర మీద వెంకట్రాజం తల వెనక్కి వాల్చి పకపకా నవ్వాడు. ఆ వెంటనే కట్టయ్య కళ్ళు తుడుచుకుంటూ నవ్వాడు. మళ్ళీ ఆయన, మళ్ళీ ఈయన, మెల్లగా, కలలోలాగ. చూస్తే చిన్ననాటి దోస్తులనుకోవాలి.

"బావా, మనం గంతగనం ఎందుకు నవ్వినమే?" అన్నాడు కట్టయ్య చివరికి.

"నువ్వే ఏదో అన్నవ్."

"నేనేడన్న? నువ్వే అన్నవ్."

ఆ కొట్లాట అలాగే మెట్లు దిగి, ఎదురుగా చాయ్ హోటల్ దాకా పోయింది. బట్టలు పెట్టిన ముక్క సంగతి ఇద్దరూ ఎత్తలేదు.

సుకన్య మాత్రం ఒకటి గమనించింది. నవ్వుతున్న కట్టయ్య అంగీ మీద పసుపు మరకలున్నాయి. అది పొద్దున వర్ధన్నపేటలో, ఆమెను పెళ్ళికూతురిని చేసినప్పటి నవ్వు. వెంకట్రాజం వెనుక పెళ్ళికి ముందు రాత్రి మట్టెవాడలో తీసిన బరాత్ ఊరేగింపు దీపాలు వెలుగుతున్నాయి. ఒకాయన పగలు నవ్వాడు, ఒకాయన రాత్రి నవ్వాడు, ఊరు కూడా ఒకటి కాదు.

"అన్నా, బట్టలు పెట్టిన ముక్కేది?"

"కోసేసిన."

"అండ్ల ఎవలది తప్పుండె?"

"ఉన్నప్పుడు ఒకలదుండె. ఇప్పుడు ఎవలది లేదు," అని ఓంకార్ ఇంకెవరి పెళ్ళికో మబ్బులు వేయడంలో పడ్డాడు. ఆ క్షణంలో ఆయన ఆమెకు సొంత అన్నకంటే ఎక్కువగా కనిపించాడు.

మెట్ల దగ్గర అత్తగారు ఆమె చెయ్యి పట్టుకుంది. "నిజంగ గట్ల నవ్విన్రా బిడ్డా? నాకు చూసినట్టే యాదికి లేదు."

"నవ్విన్రు అత్తమ్మా. నేను పక్కన్నే ఉన్న. ముందుగాల పెద్దమామనే నవ్విండు."

వర్ధన్నపేటకు పోయాక అమ్మ అడిగితే మాత్రం, ముందు బాపే నవ్వాడని చెబుదామనుకుంది.