దబ్బకొమ్మ మీది ఎండుటాకులు

“ఆ దబ్బకొమ్మ ముట్టకే. ఇంకో వారం ఆగు.”

“ఆకెయ్యకుంటె మజ్జిగ ఎవరు తాగుతరు? పెండ్లాం కంటె నీకు పురుగులే ఎక్కువాయె, పో!”

మా ఆయనా నేనూ ఆఖరుసారి అనుకున్న మాటలివి. తోటమాలి పనికి వెళ్లిన మనిషి ఆ మధ్యాహ్నమే గుండె ఆగి మొక్కల మధ్య కూలిపోయాడు. ఈ ఉదయం పాల క్యాన్లు కడిగిన తడిమట్టి మీద, నల్ల రెక్కలకు నీలం పూసుకున్న పెద్ద సీతాకోకచిలుక వాలి నీళ్లు పీలుస్తుంటే, ఇన్నేళ్లూ దాచినది ఇక దాచలేక, రాత రాని నేను మా పెద్దాడబిడ్డను కూర్చోబెట్టి ఇది రాయిస్తున్నాను.

అది అడవి జీవి అనేవాడాయన. చెట్ల నీడన తిరుగుతుందట; ఆడది కాళ్లతో తట్టి ఆకు రుచి చూస్తుందట; మా బహదూర్‌పురా పెరట్లో దబ్బచెట్టును ఎలా వెతుక్కుందో గానీ గుడ్లు పెట్టిపోయింది. చిన్న పురుగు పిట్టరెట్టలా ఉంటుంది గనక పిట్టలు ముట్టవు. పెద్దదై పచ్చబడ్డాక వేలు తగిలితే నెత్తిమీంచి ఎర్రకొమ్ము చాచి కంపు కొడుతుంది. నేనమ్మే మజ్జిగలో నలిపి వేసే ఆకంతా అవే మేస్తుంటే నాకు మండిపోయేది. ఆపైన అవి నడుముకు దారం చుట్టుకుని ఎండుటాకులా కొమ్మకు అతుక్కుంటాయని ఆయన చెప్పే ఉంటాడు, నేనే వినలేదు.

పదో దినాన మైల పోవాలని ఇల్లంతా కడుగుతూ, ఆకులేని ఆ కొమ్మ ఎండిందనుకుని నరికి, అందరి తలస్నానాల నీళ్లు కాగే పొయ్యిలో పెట్టాను. మంటలో ఒక ఎండుటాకు మెలికలు తిరిగింది. వేడికేమో అనుకున్నాను.

సాయంత్రం ఆయన తోటి మాలి వచ్చి, “వదినా, అన్న సాకిన గూళ్లేవి? ఎండుటాకుల్లెక్క గీ చెట్టుకే ఉండాలె గదా” అన్నాడు. పొయ్యిలో మెలికలు తిరిగినదేమిటో అప్పుడు తెలిసింది, నోట మాత్రం అబద్ధం వచ్చింది: “కాకులు తిన్నయ్.” పొద్దున మా ఆయనే కాకై వచ్చాడని పిండం పెట్టి, ముట్టేదాకా ఏ కాకి ముందు చేతులు జోడించి నిలబడ్డానో దాని మీదే నేరం వేశాను. పక్కనే ఉన్న మా పెద్దాడబిడ్డ, ఇప్పుడిది రాస్తున్న మనిషే, విన్నది. ఆనాటి నుంచి కాకి వాలితే రాయి తీస్తుంది. పెద్దల అమావాస్య పెత్రమాసకు తమ్ముడి పేర కాకికి ముద్ద పెట్టడం కూడా మానేసింది. నా మాట వల్ల ఆయన ఇన్నేళ్లుగా పస్తులుంటున్నాడు.

దబ్బచెట్టు పోయి అక్కడ గది లేచింది, మజ్జిగ ప్యాకెట్లలో వస్తోంది, ఇవాళ్టి ఆ జీవి ఏ చెట్టు నుంచి వచ్చిందో, మళ్లీ ఏ చెట్టుకు పోగలదో.

“కలం ఆపకు వదినె. కాకి తప్పేం లేదు, అంత నాదే. ఈ పెత్రమాసకు మీ తమ్మునికి ముద్ద పెట్టు. నన్ను తిట్టేది తర్వాత తిడుదువు గని, ముందుగాల మొదటిసంది చదివి వినిపియ్యి.”